చేప రాని ఏడు, హెస్టర్ కుక్కలు

హెస్టర్ కుక్కలకు పెట్టేది రోజుకు ఒక్కపూట. సాయంత్రం, పట్టీలు విప్పి, వాటి ఊపిరి నెమ్మదించాక. పరుగెత్తి వచ్చిన కుక్కకు వెంటనే పెట్టకూడదు. తిన్న కుక్కను వెంటనే పరుగెత్తించకూడదు. ఇవి ఆమెకు ఎవరూ చెప్పలేదు. తండ్రి చేస్తుంటే చూసింది.

ఉత్తరాన మంచుదేశంలో, యూకాన్ నది ఒడ్డున, మా ఊరి కింది కొసన ఆమె ఇల్లు. ఇంటి వెనక స్ప్రూస్ చెట్ల నడుమ తొమ్మిది గూళ్ళు, తొమ్మిది కుక్కలు. భర్త ఆల్ఫాన్స్ పోయినప్పుడు కుక్కల్ని కూడా వదిలించుకుంటుందని ఊరు అనుకుంది. ఆమె అంత్యక్రియల భోజనం దగ్గర్నుంచి ముందుగా లేచి వెళ్ళి వాటికి మేత పెట్టి వచ్చింది. ఆ తర్వాత ఎవరూ ఆ మాట ఎత్తలేదు.

అవి ఏ జాతివని అడిగితే నవ్వేది. పాత నది కుక్కలకూ, ఎవరో కుక్కబళ్ళ పందెగాడు తెచ్చిన వేటకుక్కకూ, మిషన్లో ఫాదరు పెంచిన తెల్లకుక్కకూ కలిసి పుట్టిన సంతతి అది. కొన్నిటికి ఒత్తయిన బొచ్చు, కొన్నిటికి పలచన. పలచబొచ్చువి వేగం. తిండి కూడా అంతే. తిన్నదాంట్లో సగం ఒళ్ళు వెచ్చగా ఉంచుకోవడానికే పోతుంది. ఒత్తు బొచ్చువి నెమ్మదిగా లాగుతాయి, కొంచెంతో నిలబడతాయి. మంచు మీద కుక్కలు లాగే బండికి ముందు నడిచే నికెల్ పలచబొచ్చుది. బూడిదరంగు ఆడకుక్క. అన్నిటికంటే ఎక్కువ తినేది అదే. గాలికి దారి పూడిపోతే పాదాలతో వెతికి పట్టుకునేదీ అదే.

చలికాలమంతా హెస్టర్ పొయ్యిలో మండేది ఆ కుక్కలు లాగిన కట్టెలే. మోటారు మంచుబండి నడపడం ఆమెకు రాదు. మేనల్లుడు క్లెమెంట్ నేర్పుతానన్నాడు. అది తిననప్పుడు కూడా కంపు కొడుతుందని చెప్పి ఊరుకుంది.

మేత అంటే మా దగ్గర చేప. ఎండాకాలం చివర ఏటికి ఎదురెక్కి సాల్మన్ వస్తుంది. మనుషులు తినేది ముందు వస్తుంది. వెనక వచ్చేదాని పేరు కుక్కచేప. దాన్ని చీల్చి, వెన్నుముల్లు తీసి, తోక దగ్గర కలిపి ఉంచి, కర్రల మీద ఎండవేస్తారు. చలి మొదలయ్యాక సాయంత్రానికి కుక్కకో ఎండుచేప విసిరితే చాలు. చలి ముదిరాక విసరడం ఆపి, కోసిన నూనె డ్రమ్ములో ఆ చేపనే నీళ్ళు పోసి ఉడికిస్తారు. ఇంట్లో మిగిలిన బియ్యమూ దాంట్లోకే. వెచ్చటి చారు తాగి కుక్కలు మంచులో ముడుచుకుని పడుకుంటాయి. హెస్టర్ గరిటెతో పోస్తుంటే ఏ కుక్కకు ఎంతో కళ్ళు మూసుకున్నా తప్పేది కాదు.

ఆ ఏడు కుక్కచేప రాలేదు. అంతకుముందే తగ్గుతూ వచ్చింది. ఆ ఏడు వల వెయ్యొద్దని చేపల ఆఫీసు వాళ్ళు కాగితం అంటించారు. వేసినా పడేది లేదు. ఎండవేసే కర్రలు వట్టిగా నిలబడ్డాయి. ఊళ్ళో ఒక్కో పెరడే అరుపు మానేసింది. హెస్టర్ ఆడపడుచు ఫిలొమీనా తన కుక్కల్ని ఆకులు రాలకముందే ఎగువ ఊరికి పంపించేసింది. పంపిన రోజు ఎవరితోనూ మాట్లాడలేదట. మర్నాడు మామూలుగానే అందరినీ ఎగతాళి చేసింది.

హెస్టర్ పంపలేదు. నది గడ్డకట్టేసరికి పాత ఎండుచేప అయిపోయింది. క్లెమెంట్ బడిలో బాయిలరు చూస్తాడు, జీతం వస్తుంది. అతను విమానంలో బస్తాల మేత తెప్పించాడు. గోధుమరంగు గుళికలు, మాంసమూ గింజలూ కలిపి మరలో చేసినవి. హెస్టర్ ఒకటి నోట్లో వేసుకుని నమిలి ఉమ్మేసింది. ఉడికిందే అని చెప్పింది.

తప్పు అక్కడ జరిగింది. ఉడికినదాన్ని మళ్ళీ ఉడికించేదేమిటని ఆమె డ్రమ్ము కింద మంట పెట్టలేదు. కట్టెలు కూడా కలిసొస్తాయనుకుంది. ఎండుచేప విసిరినట్టే సాయంత్రం ఒక్కో కుక్క ముందు గుళికలు పోసింది. కుక్కలు తిన్నాయి. తిని చుట్టూ ఉన్న మంచు కొరికాయి. చలి ముదురుతున్నా ఆమె అలాగే పెడుతూ వచ్చింది.

కొన్నాళ్ళకు వాటి బొచ్చు మెరుపు తగ్గింది. తుంటి ఎముకలు చేతికి తగిలాయి. మేత పెంచింది. కడుపులు జారాయి. తగ్గించింది. ఇంకా చిక్కాయి. ఒకరోజు కట్టెల దారిలో నికెల్ నడుస్తూ నడుస్తూ పట్టీలోనే కూర్చుంది. తర్వాత పడుకుంది. హెస్టర్ సగం కట్టెలు దించేసి, నికెల్‌ను బండి మీద ఎక్కించుకుని, తనూ పక్కన తాడు పట్టి లాగుతూ ఇంటికి వచ్చింది. ముందు నడిచే కుక్కను బండి మీద తేవడం ఊరంతా చూసింది.

ఆ సాయంత్రం క్లెమెంట్ వచ్చాడు. ఫెయిర్‌బాంక్స్‌లో వెండెల్ అనే పందెగాడు ఉన్నాడనీ, క్రిస్మస్ తర్వాత విమానం మీద వస్తాడనీ, కుర్రకుక్కల్ని తీసుకెళ్తాడనీ చెప్పాడు. మిగిలిన వాటి సంగతి చెప్పలేదు. ఎవరూ తీసుకోని కుక్కల్ని ఎవరి తుపాకితో వాళ్ళే పంపించాలి. అది మా దగ్గర పద్ధతి. ఇద్దరికీ తెలుసు.

"అత్తా, నువ్వు పెంచుతున్నాననుకుంటున్నావు. అవి మాడుతున్నాయి," అన్నాడు.

హెస్టర్ పొయ్యి మీది కెటిల్ తీసింది. అతని కప్పులో టీ పోసింది.

క్లెమెంట్‌కు ఇంకో ఉపాయం ఉంది. చలి రాకముందు కొండవాలున అతను ఎలుగును కొట్టాడు. దాని కొవ్వు డబ్బాల్లో నింపి, మంచె మీది కొట్టులో పెట్టాడు. ఎలుగుది ఏదీ కుక్క నోట పడకూడదని పెద్దవాళ్ళ కట్టు. ఆడవాళ్ళు దాని పేరు కూడా పలకరు, పెద్దాయన అంటారు.

"కొవ్వు కొవ్వే కదా. గుళికల మీద రెండు గరిటెలు పోస్తే లేచి నిలబడతాయి. ఎవరికి తెలుస్తుంది?"

"ఆ పెద్దాయనకు తెలుస్తుంది."

"చచ్చిపోయింది కదత్తా."

"చచ్చినవాళ్ళకే బాగా తెలుస్తుందిరా. మళ్ళీ నీ ఎదటికి రావాలా వద్దా అని అక్కడ కూర్చుని ఆలోచిస్తారు. ఆ మాట నా ఇంట్లో ఇంక అనకు."

క్లెమెంట్ టీ తాగి వెళ్ళిపోయాడు. వెళ్తూ, వెండెల్‌ను రమ్మననా అని అడిగితే ఆమె వద్దనలేదు.

అసలు సంగతి పట్టింది ఫిలొమీనా. రొట్టెలోకి సోడా అడగడానికి వచ్చి, ఇంట్లోకి వెళ్ళకుండా కుక్కల మధ్య నిలబడింది. తన కుక్కలు పోయాక ఆమె వేరేవాళ్ళ కుక్కల్ని అలా నిలబడి చూస్తుండేది.

"వదినా, ఈ గూటి పక్క మంచు చూశావా?"

"చూసేదేముంది. కుక్క పోసుకుంది."

"కాచి కాచి వదిలేసిన టీలా ఉంది. వీటికి నీళ్ళు పట్టించి ఎన్నాళ్ళయింది?"

"మంచు తింటున్నాయిగా."

"మంచు తింటే దాహం తీరేట్టయితే నువ్వూ నేనూ పొయ్యి ముందు ఎందుకు కూర్చుంటామే వదినా? కడుపులో వేడంతా ఆ మంచు కరిగించడానికే పోతోంది. ఇంక బండేం లాగుతాయి?"

హెస్టర్ తొమ్మిది గూళ్ళ పక్కా మంచు చూసింది. అన్నిచోట్లా ఒకటే రంగు. చేప ఉడికినన్నాళ్ళూ నీళ్ళు వాటంతటవే కుక్కల కడుపులోకి వెళ్ళేవి. ఆమె చేప పెడుతున్నాననుకుంది. డ్రమ్ము కింద మంట ఆరిపోవడంతో నీళ్ళూ ఆగిపోయాయి. ఫిలొమీనాకు, అడిగినదానికంటే ఎక్కువ సోడా పొట్లం కట్టి ఇచ్చింది.

ఆ పూటే నీళ్ళు కాచి గిన్నెల్లో పోసింది. కుక్కలు వాసన చూసి మొహం తిప్పుకున్నాయి. అంత చలిలో కుక్క వట్టి నీళ్ళు తాగదు. దాహం ఉన్నా తాగదు. నీళ్ళలో ఏదో ఒక వాసన ఉండాలి, తినబోతున్నానని అది అనుకోవాలి. వాసనకు చేప కావాలి.

సాల్మన్ రాకపోయినా నదిలో లష్ ఉంది. చలికాలం మంచుగడ్డ కింద అడుగున తిరిగే మీసాల చేప. నున్నగా, పాములా ఉంటుంది. ఒంట్లో కొవ్వు లేదు, ఉన్నదంతా కార్జంలో ఉంది. తెల్లగా, పెద్దగా, వెన్నలాంటి కార్జం. దానికోసమే దాన్ని పడతారు. దానిమీద వద్దన్న కాగితం ఏదీ లేదు.

క్లెమెంట్ గునపంతో గడ్డకు కన్నాలు పొడిచాడు. హెస్టర్ గాలాలకు చిన్నచేపలు గుచ్చి దింపింది. కన్నాలు పూడకుండా కొమ్మలూ మంచూ కప్పారు. మర్నాడు తీస్తే చేపలు ఉన్నాయి. గొప్పగా ఏమీ కాదు.

పడ్డ లష్ కార్జాలు ఊరి ముసలివాళ్ళకు పంచాలి, పట్టినవాళ్ళకూ ఒక వాటా. హెస్టర్ గిన్నె పట్టుకుని ఇల్లిల్లూ తిరిగింది. ఎవరి వాటా తగ్గించలేదు. ఇంటికి వచ్చి తన వాటా డ్రమ్ములో వేసింది. కింద మంట పెట్టింది. తలలూ, ముళ్ళూ, కండా అందులోనే మెత్తగా ఉడికించింది. పచ్చి చేప పెడితే కడుపులో పురుగు పడుతుంది. మంట ఆర్పి, చారు గోరువెచ్చగా అయ్యాక గుళికలు వేసి నాననిచ్చింది. పైన నూనె కళ్ళలా తేలింది.

నికెల్ గిన్నెలో మూతి పెట్టి, ఊపిరి తీసుకోకుండా తాగింది.

అప్పటినుంచి పొద్దున్నే పలచని చారు, బండి కట్టడానికి చాలా ముందుగా. సాయంత్రం చిక్కటిది, గుళికలతో. ఆమె కార్జం తినడం లేదన్న సంగతి ఊళ్ళో దాగలేదు.

"వదినా, నీ నోటికి రావలసింది నికెల్ నోటికి పోతోందట," అని ఫిలొమీనా చర్చి మెట్ల మీద అందరి ముందూ అడిగింది.

"దాని పళ్ళు మంచివి."

"కార్జానికి పళ్ళెందుకే?"

అక్కడున్నవాళ్ళు నవ్వారు. హెస్టర్ కూడా నవ్వింది. ఫిలొమీనా తన వాటా మాత్రం మొత్తం తినేసింది. చాలా బాగుందని కబురు కూడా పంపింది.

గూళ్ళ పక్క మంచు రంగు పలచబడింది. బొచ్చు మళ్ళీ ఒంటికి అతుక్కుంది. నికెల్ కట్టెల దారి చివరిదాకా వెళ్ళి వచ్చింది. అంతా సర్దుకుందని ఊరు అనుకుంది. కానీ చలి ఇంకా ముదిరింది, గడ్డ మందమైంది, గాలాలకు పడేది తగ్గింది. పొద్దున కన్నాల దగ్గర నిలబడి హెస్టర్ బుట్టలోకి చూసేది. తొమ్మిది కుక్కలకు చారు పలచబడుతోంది. ఆరు కుక్కలకైతే చిక్కగా ఉంటుంది. ఆమె ఎవరికీ చెప్పలేదు. క్లెమెంట్‌కు మాత్రం, వెండెల్ వస్తే రానీ అంది.

వెండెల్ పొడుగాటి మనిషి, తక్కువ మాట్లాడతాడు. విమానం దిగి నేరుగా కుక్కల దగ్గరికి వచ్చాడు. గ్లోవ్స్ తీసి, ఒక్కోదాని వెన్ను మీదా పక్కటెముకల మీదా వేళ్ళు నడిపాడు. పాదాలు ఎత్తి వేళ్ళ సందులు చూశాడు. ఇంత గడ్డుకాలంలో ఇలా ఉన్న కుక్కల్ని నది పొడవునా ఎక్కడా చూడలేదన్నాడు. మూడింటిని తీసుకెళ్ళగలననీ, ఏవో ఆమే చెప్పాలనీ అన్నాడు. నికెల్ వైపు చూడకుండా ఉండటానికి అతను ప్రయత్నించడం మాకు కనిపించింది.

హెస్టర్ రెండు పలచబొచ్చు కుర్రవాటి గొలుసులు విప్పి అతని చేతికి ఇచ్చింది. తర్వాత నికెల్ గొలుసు విప్పింది.

"అత్తా, అది పోతే ముందు ఎవరు నడుస్తారు?" అన్నాడు క్లెమెంట్.

"దాని తిండి ఇంకో రెండు కుక్కలు తింటాయి. ఆ రెండూ లాగుతాయి."

"దారి తెలియాలి కదా."

"దారి నాకు తెలుసు."

వెండెల్ గొలుసు అందుకోలేదు. ఇది మీరు మళ్ళీ ఒకసారి ఆలోచించుకోవచ్చు, నేను విమానం ఆపిస్తానన్నాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. గొలుసు అతని చేతిలో పెట్టి, చెయ్యి వెంటనే తియ్యలేదు.

"వట్టి నీళ్ళు పోస్తే తాగదు, వాసన కలపాలి. కొవ్వు ఒక్కసారే ఎక్కువ పెట్టకు, కడుపు జారుతుంది. పరుగు నుంచి రాగానే అడుగుతుంది, ఇవ్వకు. నీ దగ్గర ఎక్కడ కడతావు దీన్ని?"

"కొత్త కుక్క కదమ్మా. కొన్నాళ్ళు వెనక కట్టి చూస్తాను."

"ముందే కట్టు. వెనక కడితే తినదు."

వెండెల్ ఆమె మొహంలోకి చూసి, ముందే కడతానన్నాడు. ఆమె చెయ్యి తీసేసింది.

విమానం లేచేదాకా హెస్టర్ అక్కడ ఉండలేదు. ఇంటికి వెళ్ళి ఆరు గిన్నెలు కడిగింది. ఆ సాయంత్రం చారు చిక్కగా ఉంది. కుక్కలు అడుగుదాకా నాకి, ఖాళీగా ఉన్న మూడు గూళ్ళ వైపు చూసి, పడుకున్నాయి.

మర్నాడు కట్టెలకు వెళ్ళాలి. పైలట్ అనే ఒత్తుబొచ్చు మగకుక్కను ముందు కట్టింది. అది ఎప్పుడూ ముందు నడవలేదు. నాలుగడుగులు వేసి, వెనక్కి తిరిగి ఆమెను చూసింది. మళ్ళీ నాలుగడుగులు వేసి, మళ్ళీ చూసింది. హెస్టర్ బండి వెనకనుంచి దిగి, మంచుబూట్లు కట్టుకుని, కుక్కల ముందుకు వెళ్ళి నడవడం మొదలుపెట్టింది. పైలట్ ఆమె అడుగుల్లో అడుగులు వేసింది. దాని వెనక మిగిలినవి కదిలాయి.

నికెల్ ఉన్నప్పుడు ఒక్కసారి తెచ్చే కట్టెలకు ఆ రోజు రెండుసార్లు తిరగాల్సి వచ్చింది. రెండోసారి వచ్చేటప్పటికి వెలుతురు తగ్గుతోంది. ఆమె ఇంకా ముందే నడుస్తోంది. ఊరి కింది కొసన ఆమె ఇంటి పొయ్యి పొగ ఇంకా సన్నగా లేస్తోంది.