గిటారు వెనుక గజ్జెలు

మా అక్కను చేసుకున్న బావ హైదరాబాదులో కంప్యూటర్లు బాగుచేస్తాడు. తెలంగాణ రావడానికి రెండేళ్ల ముందు, ఓ ఆదివారం గోదావరిఖని వస్తూ నా కోసం ఒక హార్డ్ డిస్కు, మంచి హెడ్‌ఫోన్లు తెచ్చాడు. డిస్కు నిండా డెబ్బైల నాటి ఇంగ్లీషు రాక్ పాటలే. నాకు ప్రాణం అవంటే. ఏళ్ల తరబడి ఎంపీత్రీల్లో విన్నవే అయినా ఇవి లాస్‌లెస్ అట. స్టూడియోలో రికార్డయిన చప్పుడు పిసరంత కూడా పోకుండా ఉంటుందట.

రెండు వారాలు విన్నాను. తేడా ఏమీ తెలియలేదు. పైగా ఒక్కో పాట బోలెడంత జాగా తింటోంది. బావకు ఫోన్ చేసి, పాత ఎంపీత్రీలకే కొత్త చొక్కా తొడిగి అంటగట్టావని దెప్పాను. ఆయన నొచ్చుకుని ఫోన్ పెట్టేశాడు.

నా మాటే నిజమని తేల్చుకోవడానికి మా ఆవిడ చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టాను. ఆమెకు ఈ పాటలు గిట్టవు, రేకుల షెడ్డు కూలినట్టుంటాయని వెక్కిరిస్తుంది. ముందు పాత ఎంపీత్రీ, తర్వాత బావ ఇచ్చినది వినిపించాను.

"గిటారు ఎన్క సన్నగ గజ్జెలు మోగుతున్నయి. ఇంతకుముందు దాంట్ల గింత మంచిగ లేవు," అంది.

నేను పెట్టుకుని విన్నాను. వాల్యూమ్ పెంచి విన్నాను. గిటారు ఉంది, డ్రమ్ములు ఉన్నాయి, గజ్జెలు లేవు. ఆమె గజ్జెలంటున్నవి డ్రమ్ముల పక్కనుండే ఇత్తడి తాళాలు. కాలేజీ రోజుల్లో స్నేహితుడి ఇంట్లో ఆ తాళాలు విన్నాకే నేను ఈ పాటల పిచ్చిలో పడ్డాను.

బొగ్గు బావిలో తొమ్మిదేళ్లుగా నా పని, పేలుడు మందు పెట్టడానికి డ్రిల్లుతో రంధ్రాలు వేయడం. షిఫ్టు అయ్యాక చెవుల్లో జుమ్మంటుంటే అందరికీ ఉండేదేలే అనుకునేవాణ్ణి. తప్పు డిస్కుది కాదని అప్పుడు అర్థమై భయం వేసింది.

హెడ్‌ఫోన్లు చెరో చెవికి ఆనించుకున్నాం. గజ్జెలు మోగినప్పుడల్లా ఆమె నా మోకాలి మీద వేలితో తట్టింది. కళ్లు మూసుకుని, తట్టిన చోటల్లా వెతికాను. ఒక్కటీ దొరకలేదు.

"ఇగ ఆ డ్రిల్లు కాడికి పోకు," అంది.

"పోక ఏం చెయ్యాలె? బాపు నౌకరి ఇది."

బావిలో నడుము విరిగి బాపు అన్‌ఫిట్ అయితే ఆయన బదులు నాకొచ్చిన ఉద్యోగం. వదిలేస్తానని ఆయన ముందు అనడానికి నాకు నోరు రాదు. పక్క గదిలోనే ఉన్నాడు. మా మాటలు వినపడతాయేమోనని ఇద్దరం గొంతు తగ్గించాం. ఆ అవసరమే లేదని తర్వాత గుర్తొచ్చింది. ఆయనా ముప్పై ఏళ్లు డ్రిల్లు కొట్టిన మనిషే.