కొలతాడు, కొత్త బెల్టు

మా బావి లోతు పెరిగే కొద్దీ మా ఇంజను బెల్టు పొడుగు కూడా పెరుగుతూ వచ్చింది. కొత్తవాళ్లు వింటే నవ్వుతారు గానీ, డెబ్బైల చివర్లో గోరంట్ల పక్క మా ఊళ్లో ఆయిలింజను ఉన్న ప్రతి ఇంటిదీ ఇదే కథ. ఇంజనేమో గట్టు మీద సిమెంటు దిమ్మెకు బిగించి ఉంటుంది, కదలదు. పంపు మాత్రం బావి లోపల రాతి మెట్టు మీద ఉంటుంది. నీళ్లు దిగినప్పుడల్లా పంపును ఇంకో మెట్టు కిందికి దించాలి, రెంటినీ కలిపి తిప్పే బెల్టుకు ఇంకో ముక్క అతకాలి. అతికీ అతికీ మా బెల్టు పాత బొంతలా తయారైంది.

ఆ యేడు వాన మొగం చాటేసింది. మెట్టచేలో వేసిన వేరుశనగ మొలిచినంత మొలిచి మాడిపోయింది. దాని మీద ఆశ వదిలేశాం. మిగిలింది బావి కింద నీళ్లు పారే వేరుశనగ కయ్య ఒక్కటే. అందులో ఉన్నది అమ్ముకునే పంట కాదు, మరుసటేటి విత్తనం. అది పోతే పైయేడు వాన బాగా పడినా చేలో వేసుకోవడానికి గింజ ఉండదు. ఆ సంగతి మా మామకు, మా ఆయనకు, నాకు ముగ్గురికీ తెలుసు. పైకి మాత్రం ఎవరమూ అనేవాళ్లం కాదు. పొద్దున లేస్తే నేను పార పట్టుకుని కయ్యలోకి, వాళ్లు ఇంజను దగ్గరికి. బావిలో ఊరిన నీళ్లు కాసేపటికే అయిపోయేవి. మళ్లీ ఊరేదాకా గట్టు మీద కూర్చోవడం, మళ్లీ తోడడం. ఒళ్లు అలిసిందంటే సరే, సంగటి తిని పడుకుంటే తగ్గేది. చూసీ చూసీ నా మనసు అలిసిపోయింది, దానికి మందు లేదు.

సరిగ్గా ఊడలు దిగి కాయ ఊరే సమయానికి బెల్టు తెగింది. తెగిన కొస ఎగిరి మా ఆయన చెవి పక్కనుంచి పోయింది.

“తెగిపాయ,” అన్నాడాయన.

“నాకూ కండ్లుండాయి, కనపడతాండాది,” అన్నాను. నా నోరు అప్పుడు అట్లా ఉండేది. ఇప్పుడు తగ్గిందని ఎవరన్నారు?

మా మామ తెగిన కొసలు రెండూ చేతిలోకి తీసుకుని నలిపి చూశాడు. “ఇంక అతికేది లేదురా. పీచు పీచు అయిపాయ. హిందూపురం పోయి కొత్తది తేవల్ల.”

ఆయనకు టేపు అంటే నమ్మకం లేదు. బావి లోతు గానీ, ఇంటి దూలం గానీ, ఎద్దు రొమ్ము గానీ, ఏది కొలవాలన్నా పగ్గమే. కిత్తలి మట్టలు తానే దంచి నార తీసి, నీడన కూర్చుని తానే పేనిన పగ్గం. ఆ పగ్గాన్ని పైన ఇంజను చక్రం చుట్టూ, కింద పంపు చక్రం చుట్టూ తిప్పి, మొదటి కొస వచ్చి తగిలిన చోట ముడి వేశాడు.

“బెల్టు ఈ ముడికాడికి కోయించుకోని రా. ఒక ఏలు ఎక్కువొద్దు, తక్కువొద్దు,” అని కొడుకు భుజాన వేశాడు.

మరునాడు తెల్లారి బస్సుకు మా ఆయన హిందూపురం పోయాడు. మధ్యాహ్నం నేను కయ్యలో నిలబడి ఆకులు చూసుకుంటున్నాను. ఎండకు ఆకులు ముడుచుకుని, సాయంత్రానికి గానీ విచ్చుకోవడం లేదు. అప్పుడు దక్షిణం పక్క మబ్బు పట్టింది. నల్లగా పట్టింది. చల్లగాలి కూడా వచ్చింది. నేను ఇంటికి వచ్చేసరికి మా మామ వాకిట్లోకి వచ్చి చెయ్యి చాపి చాలాసేపు నిలబడ్డాడు. ఒక్క చుక్క పడలేదు. ఆ గాలి వచ్చిన దారినే పోయింది. ఆయన చాపిన చెయ్యి దించుకుని, పంచెకు తుడుచుకుని లోపలికి పోయాడు. తుడుచుకోవడానికి ఏముందని తుడుచుకున్నాడో!

సాయంత్రం మా ఆయన వచ్చాడు. భుజాన బెల్టు చుట్ట, చేతిలో పగ్గం, ఒంటి మీద ఆరీ ఆరని చొక్కా. మొగం వెలిగిపోతోంది. బెల్టు దించకముందే అడిగాడు. “ఈడ పడిందా?”

“యాడ పడింది? నీ మొగాన పడిందేమో, ఈడ ధూళి లేసింది.”

“అబ్బా, ఏం వాన మే! బస్సులో సందు లేక పైకెక్కి కూచ్చున్యాం. దావలో పట్టుకున్యాది సూడు, తడిసి ముద్దయిపోతిమి. ఒక్కడూ కిందికి దిగల్యా. అందురూ కేకలే కేకలు. నేను అట్లనే నీళ్లు కారతా అంగట్లేకి పోయినా.”

ఆయన సంతోషం చూస్తే నాకు ఏడుపొచ్చింది. ఎవరివో పొలాల మీద పడిన వానకు కుళ్లుకునేంత చిన్నబుద్ధి నాకుందని ఆ రోజే తెలిసింది. మా మామ మాత్రం “యాడో ఒగసాట పడిందిలే,” అన్నాడు.

తెల్లారి కొత్త బెల్టుకు పసుపు కుంకుమ పెట్టి, చక్రం కింద నిమ్మకాయ పెట్టి ఎక్కించారు. కొసలు కలవలేదు. మధ్యలో జానెడు ఎడం ఉంది, ఇంకా ఎక్కువే ఉంటుంది.

“కొత్త బెల్టు కదా, సాగుతాది. లాగురా!” అన్నాడు మా మామ. ఇద్దరూ కాళ్లు తన్నిపెట్టి లాగారు. నేనూ ఒక చెయ్యి వేశాను. ఎక్కడ వేసిన గొంగడి అక్కడే.

అప్పుడు మా మామ అంగడివాడి మీద పడ్డాడు. “వాని చెయ్యి ఇరిగిపోను! ముడికాడికి కొయ్యమంటే యాడికి కోసినాడు సూడు! పల్లెటూరోళ్లంటే అంత అలుసా?”

“నా కండ్ల ముందరే కోసినాడు నాయనా. ముడికాడికే కోసినాడు.”

“ఇద్దరూ అరిసేదానికన్నా, పగ్గం తెచ్చి కొలిస్తే పోలేదా?” అని నేను ఇంటికి పోయి, కొక్కేనికి తగిలించిన పగ్గం తెచ్చి బెల్టు పక్కన నేల మీద పరిచాను. ముడి బెల్టును దాటి అవతలికి పోయింది. సరిగ్గా ఆ జానెడు, ఆ పైన కొంచెం.

 మా మామ వంగి పగ్గాన్ని వేళ్ల మధ్య తిప్పి చూశాడు.

“ఏమప్పా, ఇది తడిసిందా?”

“తడవకేం నాయనా? నేను తడిసినప్పుడు అది మాత్రం తడవదా?”

మా మామ ఉన్నవాడు ఉన్నట్టు గట్టు మీద కూర్చుండిపోయాడు. కిత్తనార తడిస్తే బిగుసుకుని పొట్టిదవుతుందని మా ఊళ్లో తెలియనివాళ్లు లేరు. మంచం వదులైతే నార మీద నీళ్లు చల్లి బిగించుకునేది మేమే. కానీ ఆ యేడు ఏదైనా తడుస్తుందన్న ఆలోచన మా ఇంట్లో ఎవరికి వస్తుంది? తడి అనేదే మరిచిపోయి ఉన్నాం. తడిసి బిగిసిన పగ్గంతో అంగట్లో బెల్టు కోయించుకుని వచ్చాం, రాత్రికి పగ్గం ఆరి మళ్లీ తన పొడుగుకు తాను వచ్చేసింది. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. మాకు వరమే మోసం చేసింది.

మా ఆయన మళ్లీ హిందూపురం పోతానన్నాడు. ఇంకో దినం నీళ్లు లేకుంటే కయ్య నిలవదని నేను చెప్పాను. నోరు పారేసుకోలేదు, ఓపిక లేదు. మా మామ లేచి, పనికిరాదన్న పాత బెల్టు తెచ్చుకుని, అందులో కాస్త గట్టిగా ఉన్న చోటు వెదికి వెదికి ఒక ముక్క కోశాడు. కొత్త బెల్టుకు మొదటి పొద్దే అతుకు పడింది. ఇనుప కొక్కేలు దిగ్గొట్టి, బెల్టు జారకుండా గుగ్గిలం పొడి చల్లి ఇంజను తిప్పారు. అతుకు చక్రం మీదికి వచ్చినప్పుడల్లా టప్పుమనేది. ఆ చప్పుడు ఆగుతుందేమోనని చెవులు అక్కడ పెట్టి కయ్యలో నీళ్లు మళ్లించాను. ఆగిన రోజులూ ఉన్నాయి. చివరి సాళ్లు నీళ్లు చేరకముందే ఎండిపోయాయి. కయ్యలో సగం బతికింది.

పీకేటప్పుడు ఒక్కొక్క కాయనూ చెవి దగ్గర ఆడించి చూశాం. గలగలమంటే లోపల గింజ సరిగా ఊరనట్టే, పక్కన పడేశాం. మంచివి ఏరితే గోతం కూడా నిండలేదు. అయినా విత్తనం విత్తనమే. మా మామ గోతం మూతి కట్టడానికి కొక్కెం మీదనుంచి ఆ పగ్గమే తీశాడు.

నాకు ఒళ్లు మండింది. “ఆ పాపిష్టి పగ్గం మళ్లీ ఎందుకు మామా? ఇంట్లో ఇంకోటి లేదా?”

“ఉండనీలేమ్మా,” అన్నాడు, మూతి చుట్టూ పగ్గం తిప్పుతూ. “ఈ యేడు మనింట్లో వాన తాగింది ఇదొక్కటే.”

 ఆయన ముడి వేసేదాకా గోతం మూతి రెండు చేతులా గట్టిగా పట్టుకున్నాను.