జంగయ్య పాడని మంగళం

దిల్‌సుఖ్‌నగర్‌లో ఆటో తోలే జంగయ్య మహా గడుసుపిండం. ఎల్బీనగర్‌లో ఎక్కితే దిగేలోపు సగం మల్లన్న కథ చెప్పి ఊరుకుంటాడు. మిగతా సగం కోసం మళ్లీ అతని ఆటోయే ఎక్కాలి!

నల్లగొండ పల్లెల్లో అన్న లింగస్వామితో కలిసి ఒగ్గుకథలు చెప్పిన గొంతు అది. అన్న డోలు వాయిస్తూ వంత పాడేవాడు. పోయినేడు ఆ అన్న గుండెపోటుతో పోయాడు. వదిన యాదలక్ష్మి కంట మాత్రం చుక్క నీరు రాలేదు. బొమ్మలా కూర్చుండిపోయింది. జంగయ్య ఆమెను దవాఖానలన్నీ తిప్పాడు, లాభం లేకపోయింది. "ఏడ్వకుంటె మనిషి దక్కదు మేడం," అని నా దగ్గర పరేషాన్ అయ్యేవాడు.

నేను ట్యూషన్లు చెప్పే హాల్లో ఆదివారాలు పాత సినిమాలు వేస్తుంటాను. ఆ వారం వందేళ్లనాటి రష్యా మూగచిత్రం తెచ్చాను. పేద పాటగాడు జబ్బుపడతాడు, భార్య సేవ చేస్తుంది. ముగింపులు రెండున్నాయి. అక్కడి జనానికి ఏడుపు ముగింపే కావాలట, అందుకని వాళ్లకు చూపే దాంట్లో అతను చనిపోతాడు. పైదేశాలకు పంపే దాంట్లో బతుకుతాడు. తెరమీది రష్యా అక్షరాలు ఎవరికీ రావు కాబట్టి, కథంతా ముందే వివరించి, పక్కన నిలబడి చెప్పమని జంగయ్యను పిలిచాను. వదినను వెంటబెట్టుకొచ్చాడు.

"పాపం, ఆవిడ ముందు చావెందుకు? బతికేదే వేస్తాను," అన్నాను.

"వద్దు మేడం. సచ్చేదే ఎయ్యుండ్రి."

"అదేంటయ్యా! చావు దగ్గర కథ ఆపితే అరిష్టం, మంగళం పాడాల్సిందేనని నువ్వేగా చెప్పావు?"

"ఔ, మా నాయిన నేర్పిన పద్ధతే. గాని మంగళం పాడితె మా వదినె దుఃఖమంత మల్ల లోపల్నే మింగుతది."

అబ్బ, ఏం చెప్పాడండీ! ఆ రష్యా ఇల్లాలి నోట నల్లగొండ మాట పలికించాడు. "లెవ్వయ్యా, కాళ్లు సల్లవడ్డయ్, లెవ్వు!" అంటుంటే నాకే గుండె చెరువైంది. పాటగాడు కన్నుమూశాడు. తెర నల్లబడింది. అలవాటుకొద్దీ మంగళం ఎత్తుకోబోయిన జంగయ్య, పెదవి కొరుక్కుని ఆగిపోయాడు.

యాదలక్ష్మి దిగ్గున లేచింది.

"లేపుండ్రి ఆయన్ని! నన్నిడిసి గట్లెట్ల పోతడు? ఓ లింగస్వామీ!" అని తెరకేసి అరిచి, కూలబడి భోరుమంది.

జంగయ్య పరుగున వెళ్లి ఆమె పక్కన కూర్చున్నాడు. చిన్నపిల్లాడిలా వెక్కివెక్కి ఏడుస్తూ అన్నాడు:

"నువ్వు ఏడ్వకపోతివి. నీకంటె ముందు నేనెట్ల ఏడ్వాలె, వదినె?"