చేటెడు తవుడుకు కొన్న పేరు

ఆ రోజుల్లో పిల్లలకు పేర్లు ఎవరూ వెతికేవారు కాదు. పేరే వచ్చి బిడ్డ మీద కూర్చునేది. తాత పోయిన ఏడాది పుడితే తాత పేరు, పెనుగంచిప్రోలు తిరునాళ్ళ రోజుల్లో పుడితే తిరపతయ్యో తిరపతమ్మో. ఇప్పటివాళ్ళు ఫోను చేత్తో పట్టుకుని, ఊళ్ళో ఇంకెవరికీ లేని పేరు కోసం నెలల తరబడి గాలిస్తున్నారు. మొన్న మా పక్కింటి కుర్రవాణ్ణి వాళ్ళ పాప పేరుకి అర్థమేమిటని అడిగితే "సంస్కృతం అంకుల్" అన్నాడు. (నేనడిగింది అర్థం, భాష కాదు. అయినా ఊరుకున్నాను.) నా పేరుకి అర్థం మాత్రం ఈ జన్మలో ఎవరూ అడగలేదు. వినగానే అర్థమైపోయేది. నా పేరు పెంటయ్య.

నాకంటే ముందు మా అమ్మకు ఇద్దరు మగపిల్లలు పుట్టి, పురిటి మంచం దిగకుండానే పోయారట. ఆ ఇద్దరికీ చక్కటి దేవుళ్ళ పేర్లు అనుకుని ఉంచారట. మూడోసారి నేను పుట్టగానే అమ్మ ఎవరి మాటా వినకుండా నన్ను పాతగుడ్డలో చుట్టించి, పెరట్లో పెంటకుప్ప మీద పడుకోబెట్టించింది. ఎదురింటి అవ్వ దారిన పోతున్నట్టుగా వచ్చి, "ఎవర్దమ్మా ఈ బిడ్డ, పెంట మీద పారేశారు?" అని ఎత్తుకుంది. అమ్మ అవ్వకు చేటెడు తవుడు కొలిచి పోసి నన్ను కొనుక్కుంది. పారేసిన వస్తువు మీద మృత్యువుకు కన్ను పడదని మా వైపు నమ్మకం. ఆ ఏర్పాటంతా ఎవరూ మరిచిపోకుండా ఉండటానికి పేరు కూడా అదే పెట్టారు.

నన్ను బతికించిన పేరే బడిలో నా ప్రాణం తీసింది. "పెంటయ్యా, మీ బంధువులొస్తున్నారురా" అని పిల్లలు గేదెల మందను చూపించేవారు. హాజరు పిలిచే మాస్టారు నా పేరు దగ్గరకు వచ్చేసరికి ఒకసారి దగ్గేవారు. అందుకని నందిగామలో ఒక ఆఫీసులో గుమాస్తాగా చేరిన రోజునే నేను 'పి. రావు' అయిపోయాను. (ఆ రావు ఎక్కణ్ణుంచి వచ్చాడో నాకూ తెలియదు.) పి అంటే ఏమిటని అడిగినవాళ్ళకు "ఇంట్లో ఏదో పిలుస్తారులెండి" అని చెప్పి ఫైలులో తల దూర్చేసేవాణ్ణి. అప్పటికే డైరీ రాసే అలవాటుంది. ఆ డైరీల మొదటి పేజీల్లో కూడా పి. రావు అనే ఉంటుంది. నా డైరీకే నా పేరు చెప్పలేకపోయాను.

అలాంటి రోజుల్లో జగ్గయ్యపేట సంబంధం వచ్చింది. పిల్ల తండ్రికి మిరపకాయల వ్యాపారం. నలుగురూ ఆడపిల్లలే, ఇది ఆఖరుది, పేరు శ్యామల అని చెప్పారు. పెళ్ళిచూపుల్లో ఆ అమ్మాయి తల దించుకోకుండా నా వంక సూటిగా చూసింది. నేనే దించుకున్నాను. తిరుగు బస్సు చిల్లకల్లు దాటేలోపే ఈ అమ్మాయి తప్ప ఇంకెవరూ వద్దని నిశ్చయించుకున్నాను. (ఆ రోజు డైరీలో మాత్రం 'ఎండ తీవ్రం. బస్సులో సీటు దొరికింది' అని రాసి ఉంది. నా పద్ధతి అంతే.)

శుభలేఖ రాయడానికి మళ్ళీ జగ్గయ్యపేట వెళ్ళాం. అమ్మ, నాన్న, నేను, మధ్యవర్తిత్వం నడిపిన కళ్ళద్దాల బాబాయి. కాఫీలయ్యాయి. కాబోయే మామగారు గొంతు సవరించుకున్నారు.

"అన్నీ బాగున్నయ్యండి. అబ్బాయి బుద్ధిమంతుడు, ఉద్యోగమా, గవర్నమెంటుది. ఆ పేరొక్కటేనండి నాకు గొంతులో అడ్డం పడతంది."

"పేరుదేముందండి, మార్చేద్దాం" అన్నాడు బాబాయి, ఆ మాట కోసమే కూర్చున్నట్టు. "ప్రసాదరావు అని వేయిద్దాం. పి అట్టాగే ఉంటది. వాడు సంతకం కూడా మార్చుకోనక్కర్లా."

నిజం చెబుతున్నాను, ఆ క్షణంలో నా గుండె పొంగింది. ఇన్నేళ్ళుగా నేను దొంగచాటుగా చేస్తున్న పనిని పెద్దలే దగ్గరుండి చేయిస్తున్నారు. మొహమాటానికి కాసేపు ఆలోచిస్తున్నట్టు కూడా నటించాను. మామగారు అక్కడితో ఆగి ఉంటే ఈపాటికి నేను ప్రసాదరావునే.

"అది కాదండి బావగారూ" అన్నారాయన, మా నాన్నతో. "రేపు మీ ఇంటికొచ్చి గుమ్మంలో నిలబడ్డాక మీ ఆడపిల్లలు అడ్డమొచ్చి పేర్లు చెప్పమంటారా, అప్పుడు మా పిల్ల ఏమని చెబుద్దండి? పెంటయ్యగారితో వచ్చానని చెబుద్దా? వీధి వీధంతా నవ్విపోదూ? అయినా కన్నబిడ్డకి అట్టాంటి పేరు పెట్ట బుద్ధెట్టా అయ్యిందండి? ఎంత బుర్ర తక్కువోళ్ళయినా..."

లోపలి గది గుమ్మం పక్కన కూర్చున్న అమ్మ వైపు నా చూపు వెళ్ళింది. ఆమె తల వంచి, కొంగు చివర వేళ్ళకు చుట్టుకుంటోంది.

"పేరు మారదండి" అన్న మాట వినిపించింది. ఎవరా అని చూశాను. అందరూ నా వైపే చూస్తున్నారు.

"ఒరే, ఊరుకో" అన్నాడు నాన్న.

"ఊరుకోను నాన్నా. నా పేరు పెంటయ్య. శుభలేఖ మీద అదే ఉండాలి. పెద్ద అక్షరాలతో ఉండాలి."

"ఆఫీసులో నువ్వే పి. రావు అని రాసుకుంటన్నావు గదరా!" అన్నాడు బాబాయి. (ఇంటిగుట్టు తెలిసిన మధ్యవర్తితో ఇదే ప్రమాదం.)

"రేపట్నించి రాయను" అని, తవుడు సంగతి, నాకు ముందు పోయిన ఇద్దరి సంగతి, అంతా చెప్పేశాను.

అమ్మ అప్పుడు నోరు విప్పింది. "నాకు బుర్ర తక్కువేనండి అన్నయ్యగారూ. కానీ నా పిల్లోడు మీ ముందు కూర్చుని కాఫీ తాగాడు. ఆ పేరు తీసేత్తే నాకు భయవండి. ఇంతకంటే చెప్పలేను."

మామగారు తువ్వాలు భుజాన వేసుకున్నారు. మా వైపు అది సంబంధం తప్పిపోయిందనడానికి గుర్తు. "అయితే మీ దారి మీది, మా దారి మాది" అని ఆయన లేవబోతుండగా, అమ్మ వెనక గుమ్మంలోంచి పెళ్ళికూతురు ముందుకు వచ్చింది.

"ఆయన పేరు అట్టాగే వేయించండి నాన్నా. నాది కూడా అసలు పేరే వేయించండి."

"అసలు పేరేంటమ్మా? శ్యామల గదా!" అన్నాడు బాబాయి.

"శ్యామల ఈ సంబంధం కోసం పెట్టిన పేరండి. నా పేరు చాలమ్మ. నాలుగోసారీ ఆడపిల్లే పుట్టిందని విసుగొచ్చి, ఇంక చాలని పెట్టారు." తర్వాత తండ్రి వైపు తిరిగింది. "వాళ్ళు బిడ్డ బతకాలని పెంట మీద పడుకోబెట్టారు. మీరు పరుపు మీద పడుకోబెట్టి చాలన్నారు. బుర్ర తక్కువ ఎవరికి నాన్నా?"

మిరపకాయల ఘాటులో పుట్టి పెరిగిన ఆ పెద్దమనిషికి నేను చూస్తుండగా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. "పోనీలేమ్మా, నీది మార్చి మంచి పేరే వేయిద్దాం" అన్నారు, గొంతు తగ్గించి.

"ఇప్పుడొద్దు. ఇరవై ఏళ్ళు పిలిచారు గదా, ఇంకోసారి అచ్చులో చూసుకోండి."

ఆ శుభలేఖ అచ్చు వేసిన ప్రెస్సువాడు "ప్రూఫు మళ్ళీ చూడండి సార్, పేర్లు సరిగ్గానే ఉన్నయ్యా?" అని రెండుసార్లు మా ఆఫీసుకు మనిషిని పంపించాడు. పెళ్ళికి వచ్చినవాళ్ళలో సగం మంది ఆ పేర్లవాళ్ళ మొహాలు చూడటానికే వచ్చారని నా అనుమానం. నందిగామలో మా గుమ్మం ముందు నిలబడ్డాం. మా చెల్లెలు తలుపుకి అడ్డం నిలబడి "పేర్లు చెప్పి లోపలికి రండి" అంది. వీధిలో ఆడవాళ్ళంతా అరుగుల మీదికి వచ్చారు. నేను "చాలమ్మ, నేనూ వచ్చాం" అని నోట్లో నోట్లో చెప్పాను. ఆమె మాత్రం చివరి ఇంటి వాళ్ళకు కూడా వినపడేలా, "పెంటయ్యగారు, నేనూ వచ్చాం. తలుపు తీయండి" అంది. ఎవరూ నవ్వలేదు. నవ్వే అవకాశం ఆ గొంతులో లేదు.

చిత్రమేమిటంటే, అంత పోరాడి నిలబెట్టుకున్న ఆ పేరును ఆవిడ ఆ తర్వాత ఏళ్ళ తరబడి పలకలేదు. మా తరం ఆడవాళ్ళు మొగుడి పేరు చెప్పరు కదా. "ఏమండీ"తోనే కాపురం గడిచిపోయింది. ఆసుపత్రిలోనో బ్యాంకులోనో భర్త పేరు అడిగితే నా వైపు చూసేది, నేను చెప్పేవాణ్ణి. మాకు ఆడపిల్లలు ఇద్దరు. ఇద్దరికీ పేర్లు ఆవిడే పెట్టింది, ఎవర్నీ అడగకుండా. రెండో పిల్ల బారసాలలో మామగారు ఏదో సలహా ఇవ్వబోతే, "మీరు ఒకసారి పెట్టారుగా నాన్నా" అంది. ఆయన వెళ్ళి వడపప్పు తిన్నారు.

ఈ మధ్య ఆవిడ గుర్తింపు కార్డులో ఏదో సవరణ ఉంటే ఇద్దరం ఒక కౌంటర్ దగ్గరకు వెళ్ళాం. కంప్యూటర్ ముందున్న అమ్మాయి భర్త పేరు అడిగింది. ఆవిడ అలవాటుగా నా వైపు చూసింది, నేను చెప్పాను. ఆ అమ్మాయి పెదాలు బిగబట్టి పక్క సీటు వైపు ఒకసారి చూసి, "అంకుల్, అది ముద్దుపేరేమో, అసలు పేరు చెప్పండి" అంది.

నేను నోరు తెరిచేలోపే మా ఆవిడ నన్ను పక్కకు జరిపి ముందుకు వంగింది.

"పెంటయ్య. అసలు పేరే. నవ్వొస్తే నవ్వుకో తల్లీ, కానీ తప్పు లేకుండా కొట్టు. పెంటయ్య."

తిరుగు ఆటోలో "ఇన్నాళ్ళకి నా పేరు చెప్పావే" అన్నాను.

"మీ పేరు నేనెందుకు చెబుతా? అత్తయ్యగారు పెట్టిన పేరు చెప్పా" అని ఆవిడ రోడ్డు వైపు తిరిగి కూర్చుంది.

ఆ సాయంత్రం డైరీ తీసి పద్ధతి ప్రకారం ముందు ఎండ సంగతి రాశాను, తర్వాత ఆటో సంగతి. ఆ కింద ఏం రాయాలో తోచక, పాత డైరీ ఒకటి తెరిచి మొదటి పేజీ చూశాను. పి. రావు. మెలికలు తిరిగిన సంతకం, దాని కింద రెండు గీతలు. పాపం, ఎంత కష్టపడ్డాడో కుర్రవాడు. చేటెడు తవుడు పోసి కొన్న పేరును ఒక్క అక్షరంలో దాచేద్దామనుకున్నాడు.