తాళం వేసిన ఆఫ్రికా నవలలు

అది 1989. గద్వాలలో ఒక డిగ్రీ కాలేజీకి నేను లైబ్రేరియన్‌ని. ఆ ఏడాది బీఏ చివరి సంవత్సరం ఇంగ్లీషులో కొత్తగా ఒక ఆప్షనల్ పేపరు పెట్టారు. ఆఫ్రికా సాహిత్యం, అక్కడి కథలు చెప్పే పద్ధతులు. ఆప్షనల్ అంటే ఇష్టమైన వాళ్ళు తీసుకోవచ్చు, వద్దనుకుంటే పాత ఇంగ్లీషు కవిత్వం పేపరు ఎలాగూ ఉంది. హైదరాబాదు నుంచి అట్టపెట్టె నిండా నవలలు, కథల పుస్తకాలు దిగాయి.

మా పనిలో అన్నిటికంటే ముఖ్యం క్లాసిఫికేషన్. పుస్తకం దేని గురించో చూసి, దానికో నంబరు వేసి, ఆ నంబరు అరలో పెట్టడం. ఇంగ్లీషు నవలలకు 823, ఆచార వ్యవహారాలకు 390. నవలలన్నిటికీ 823 వేసి సర్దాను. మర్నాడే ఇంగ్లీషు శాఖ హెడ్డుగారు వచ్చి ఆ అర ముందు నిలబడ్డారు.

"వీటిని ఇక్కడ ఎవరు పెట్టమన్నరు? 390ల పెట్టండి."

"ఇవి నవలలు కదా సార్!"

"ఏం నవలలమ్మా! అడివి మనుషుల ముచ్చట్లు. మన కవుల పక్కన పెడితే పరువుంటదా?"

మన కవులంటే ఇంగ్లండు కవులు. పాలమూరులో పుట్టి పెరిగిన మనిషికి వాళ్ళెప్పుడు చుట్టాలయ్యారో నాకు తెలియదు. లైబ్రరీ కమిటీకి ఆయనే పెద్ద కాబట్టి ఆయన మాటే చెల్లింది. నంబర్లు మార్పించి, పుస్తకాలను అద్దాల బీరువాలోకి ఎక్కించి తాళం వేయించి, వాటి మీద రిఫరెన్స్ అని ముద్ర కొట్టించారు. రిఫరెన్స్ పుస్తకం విద్యార్థి ఇంటికి తీసుకుపోకూడదు, లైబ్రరీలోనే కూర్చుని చదవాలి. తాళం చెవి నా దగ్గరే ఉండేది, హుకుం మాత్రం ఆయనది.

ఆ పేపరు తీసుకున్నది ఒకే ఒక్క అమ్మాయి, వరలక్ష్మి. వాళ్ళది చీరలు నేసే ఇల్లు. పొద్దున క్లాసులు కాగానే ఇంటికి పరుగెత్తేది.

"మేడం, గీ బుక్కు ఇంటికిస్తరా? పగటాల్ల సంది దారం కండెలు చుట్టాలె. ఈడ కూసుంటే మా నాయిన మగ్గం ఆగిపోతది. రాత్రికే నాకు జర తీరిక."

"రిఫరెన్సమ్మా, ఇవ్వకూడదు."

"మరి ఎట్ల చదవాలె మేడం? సారేమో పాఠం చెప్తలేడు. పేపరు మార్చుకో, మార్చుకో అని ఒక్కటే పోరు."

ఆ పేపరు చెప్పాల్సింది హెడ్డుగారే. ఎందుకు పోరో నాకు అర్థమైంది. ఈ పిల్ల మారిపోతే ఆ పేపరు చెప్పే బాధ తప్పుతుంది, ఆ పుస్తకాలు చదివే బాధా తప్పుతుంది. ఒళ్ళు మండిపోయింది నాకు. స్టాఫ్ పేరు మీద రిఫరెన్స్ పుస్తకాలు ఇవ్వడానికి రూల్సులో అడ్డు లేదు. నా పేరు మీద రాసుకుని ఆమె చేతిలో పెట్టాను. ఒకటి తెచ్చిచ్చి ఇంకొకటి తీసుకుపోయేది. తెచ్చిన ప్రతిసారీ కాసేపు నిలబడి ఆ కథ నాకు చెబితే గానీ వెళ్ళేది కాదు.

ఆ రోజుల్లో చివరి సంవత్సరం పిల్లలు ఒక్కొక్కరు సెమినార్ ఇవ్వాలి, అంటే తోటి విద్యార్థుల ముందు ఒక విషయం మీద మాట్లాడాలి. వరలక్ష్మి వంతు వచ్చినప్పుడు నేనూ వెళ్ళి వెనక కూర్చున్నాను, ముందు బల్ల దగ్గర హెడ్డుగారు ఉన్నారు. ఆ పుస్తకాల్లో కథకుడు ముందు వినేవాళ్ళను పిలుస్తాడని, వాళ్ళు బదులు పలికితే గాని మొదలుపెట్టడని ఇంగ్లీషులోనే చెప్పింది. తర్వాత ఉదాహరణకని ఒక తాబేలు కథను మన మాటల్లో ఎత్తుకుంది.

"వాన లేని కాలమంట. ఊరందరికి ఒక్కటే నీళ్ళ చెలిమె మిగిలిందంట."

ముందు వరసలో ఎవరో "ఊఁ" అన్నారు.

"ఆ చెలిమె కాడ ఏనుగు కావలి కూసున్నదంట."

ఈసారి సగం క్లాసు "ఊఁ" అంది. తాబేలు ఏనుగు దగ్గరికి చేరేసరికి గది మొత్తం ఊఁ కొడుతోంది. ఇంగ్లీషు క్లాసులో గోడలకేసి చూసే పిల్లలు కళ్ళింతలు చేసుకుని వింటున్నారు. నేనూ ఊఁ కొట్టాను.

హెడ్డుగారు బల్ల మీద ఫట్టున చరిచారు. "ఏందీ గోల? ఎగతాళి చేస్తున్నరా? బంద్ చెయ్!"

ఊఁ కొట్టడం ఎగతాళట! చిన్నప్పుడు ఈయనకు ఎవరూ కథ చెప్పలేదా? అది ఎగతాళి కాదని ఆయనకు అప్పుడే చెప్పి చూశాను, వినలేదు. వరలక్ష్మి పిల్లల్ని ఎగదోసి తనను అవమానించిందని ప్రిన్సిపాల్‌కు ఫిర్యాదు చేశారు. మాఫీ, అంటే క్షమాపణ, రాసిస్తేనే ఆమె పరీక్ష దరఖాస్తు మీద ప్రిన్సిపాల్ సంతకం, లేకపోతే లేదు. అంటే ఆ పిల్లకు ఏడాది పోయినట్టే. మళ్ళీ ఏడు చదివించే స్తోమత ఆ ఇంటికి లేదని కాలేజీలో అందరికీ తెలుసు.

తండ్రి వెంకటేశాన్ని పిలిపించారు. నేయడం ఆపి వచ్చాడు పాపం, చొక్కా మీద దారప్పోగులు అలాగే ఉన్నాయి. నన్నూ పిలిచారు, పుస్తకాలిచ్చింది నేనే కదా.

"మా బిడ్డ ఏం చేసింది సార్?" అన్నాడాయన చేతులు కట్టుకుని.

ప్రిన్సిపాల్ సంగతి చెప్పి, మాఫీ రాయమని వరలక్ష్మి చేతికి తెల్ల కాగితం ఇచ్చారు.

"ఊఁ అనుడు తప్పా సార్? మా దిక్కు ఊఁ అనకుంటే కథ చెప్పెటోళ్ళు అలుగుతరు."

"ఇది కాలేజీ. మగ్గాల ఇల్లు గాదు," అన్నారు హెడ్డుగారు.

వెంకటేశం కట్టుకున్న చేతులు విప్పేశాడు. "మగ్గమే ఆమె ఫీజు కట్టింది సార్," అని కూతురి వైపు తిరిగాడు. "రాయకు బిడ్డా. ఏడాది పోతే పోనీ. తప్పు చెయ్యంది మాఫీ ఏంది?"

వరలక్ష్మి ఏడుస్తూనే కాగితం బల్ల మీద పెట్టేసింది. ఇక నాకు ఆగబుద్ధి కాలేదు. వెంట తెచ్చిన పుస్తకం తెరిచి ప్రిన్సిపాల్ ముందు పెట్టాను.

"చూడండి సార్. ఇక్కడ చెప్పేవాడు పిలుస్తున్నాడు, ఇక్కడ జనం పలుకుతున్నారు. ఇది మీ సిలబస్. పాఠంలో ఉన్నదే పిల్లలు చేశారు. పాఠం చదవని వాళ్ళకు అది గోలలా వినిపిస్తే పిల్లదెందుకు తప్పవుతుంది?"

ప్రిన్సిపాల్ ఆ పేజీ చదివారు. తిప్పి ఇంకో పేజీ చదివారు. దరఖాస్తు అందుకుని సంతకం పెట్టారు. హెడ్డుగారు కుర్చీ వెనక్కి నెట్టి వెళ్ళిపోయారు. వెంకటేశం నాకు దండం పెట్టబోతే సిగ్గుతో చచ్చిపోయాను. తప్పు చేసింది మా కాలేజీ, దండాలు ఆయనవా!

వరలక్ష్మి ఆ పేపరు రాసింది, మంచి మార్కులతో పాసైంది. మరుసటి ఏడాది చెప్పేవాళ్ళు లేరనే సాకుతో ఆ పేపరునే తీసేశారు. అక్కడితో ఆగారా? హెడ్డుగారు మళ్ళీ లైబ్రరీకి వచ్చారు. ఆ బీరువా పుస్తకాలను వీడింగ్ చెయ్యమన్నారు. వీడింగ్ అంటే చేనులో కలుపు తీసినట్టు, ఎవరూ చదవని పుస్తకాలను ఏరి పారెయ్యడం.

"ఎవ్వరు చదువుతలేరు కదమ్మా, జాగా దండుగ," అన్నారు.

చెయ్యనని మొహం మీదే చెప్పాను. పైవాళ్ళకు రాసుకోమన్నాను. ఎందుకో ఆయన రాయలేదు.

రిటైరై చాలా ఏళ్ళయింది. ఆ కోపం మాత్రం తగ్గలేదు, తగ్గాలని కూడా నాకు లేదు. ఫలానా పుస్తకాలు మన పిల్లలు చదవరండీ అని ఎవరైనా పెద్దమనిషి తల ఊపితే, నేనడిగేది ఒక్కటే: వాటికి తాళం ఎవరు వేయించారు?