మేస్త్రి సొంత గోడ

ఎవరి బాత్రూములోకి వెళ్ళినా పెద్దమేస్త్రి ముందు చేసే పని టైల్స్ మీద వేలి కణుపుతో కొట్టి చూడటం. వెనక సిమెంటు నిండుగా ఉంటే సరే. డొల్లగా మోగిందా, ఆ పని చేసినవాడికి అక్షింతలే. కన్నకొడుకునైనా వదల్లేదు. టైలు వెనకంతా సిమెంటు పరవకుండా మూలకొక ముద్ద, మధ్యలో ఒక ముద్ద పెట్టి అంటించాడని, ఇంటి యజమాని చూస్తుండగానే గోడంతా ఊడబీకించాడు. కొడుకు ఆ సాయంత్రమే తాపీ విసిరికొట్టి ఆ పనే మానేశాడు. ఇప్పుడు బస్సు నడుపుతున్నాడు.

నాలుగు నెలల కిందట పక్షవాతం వచ్చి మేస్త్రికి ఎడమ చెయ్యీ, కాలూ పడిపోయాయి. పొద్దున కొడుకు బాత్రూముకి తీసుకెళ్తాడు. కొడుకు డ్యూటీకి వెళ్ళాక ఆ పని కోడలి చేత చేయించుకోవాలి. అది ఇష్టం లేక, కొడుకు తిరిగొచ్చేదాకా ఆయన మంచినీళ్ళు తాగడమే మానేశాడు. కోడలు కనిపెట్టింది, అడగలేదు. రెండడుగుల స్టీలు కడ్డీ ఒకటి కొనుక్కొచ్చింది. అది గోడకు బిగిస్తే, దాన్ని పట్టుకుని ఆయన తనంతట తనే కూర్చుని లేవగలడు.

మామగారిని గుమ్మంలో కుర్చీ వేసి కూర్చోబెట్టి, ఆయన డ్రిల్లు మెషినే చేతిలోకి తీసుకుంది.

"ఎలాగో మీరు చెప్పండి మామయ్యా, నేను చేస్తాను."

"పోర్సిలిన్ టైలు ఇది. మొండి ఘటం. హామర్ స్విచ్ ఆపెయ్, లేకపోతే పగులుతుంది. డైమండ్ బిట్టు పెట్టు. నీళ్ళు చిలకరిస్తూ నెమ్మదిగా తిప్పు."

చెప్పాడే గానీ, ఆయన చూపంతా ఆమె పెన్సిలుతో పెట్టిన గుర్తుల మీదే ఉంది. ఆ గుర్తుల వెనక ఏమీ లేదు. ఈ టైల్స్ ఆయన వేసినవే. ఊళ్ళోవాళ్ళ పనులన్నీ అయ్యాక, ఒళ్ళు హూనమై, త్వరగా తెమిలితే చాలనుకుంటూ వేశాడు. ఒక్కో టైలుకీ అయిదే ముద్దలు. సొంత ఇల్లేగా, కొట్టి చూసేదెవరు? అదీ కొడుకు చేత గోడ ఊడబీకించిన ఏడాదే.

"బెత్తెడు ఎడమకి జరుపు," అన్నాడు.

"అక్కడైతే మీకు చెయ్యి అందదు కదా."

"చూడ్డానికి బాగుంటుంది."

"బాత్రూములో అందమేంటి మామయ్యా?"

ఆమె బిట్టును ఏటవాలుగా ఆనించి, టైలు మీద గాటు పడ్డాక నిటారుగా నిలిపింది. తెల్లటి బురద కారుతోంది. నీళ్ళు, బిట్టు, మళ్ళీ నీళ్ళు. తను చెప్పినట్టే, తు.చ. తప్పకుండా చేస్తోంది. మేస్త్రి తేలు కుట్టిన దొంగలా కూర్చున్నాడు. స్క్రూ బిగించగానే ఆ డొల్ల టైలు పగలొచ్చు. లేదా నాలుగు రోజులు ఆగి, ఆయన బరువుతో సహా ఊడిరావచ్చు. ఊడితే ఊడనీ, విరిగేది నా ఎముకేగా అనుకున్నాడు. కొడుకు దగ్గర ఈ మాట ఒప్పుకోవడం కంటే అదే నయమనిపించింది.

కోడలు మెషిన్ ఆపి నుదురు తుడుచుకుంది. "బిగించాక ముందు నేను వేలాడి చూస్తాను. నన్ను ఆపితే మిమ్మల్నీ ఆపుతుంది."

కింద తడి నేల. పక్కన కమోడు అంచు. ఊడితే ముందు పడేది ఆమే. ఆమె మళ్ళీ మెషిన్ ఆన్ చేసింది. బిట్టు మోతలో తేడా ఆయనకి తెలిసిపోయింది. ఇంకో అరనిమిషంలో అవతలికి దిగుతుంది.

"ఆపమ్మా."

ఆమెకి వినపడలేదు. బాగున్న చేత్తో తలుపు మీద దబదబా బాదాడు. మెషిన్ ఆగింది.

"అక్కడ డొల్ల."

"మీకెలా తెలుసు?"

"నేనే కదా వేసింది. అయిదు ముద్దలు పెట్టి వేశాను. టైలు మధ్యలో ఒకటుంది. అక్కడైతే ఆగుతుంది."

కోడలు ఆయన వంక చూసింది. కాపురానికి వచ్చిన కొత్తలోనే ఆ గోడ ఊడబీకించిన కథ మొగుడి నోట విన్న మనిషి. మేస్త్రి సిగ్గుతో తల దించుకున్నాడు. ఇంత సిగ్గు ఆయన జన్మలో పడలేదు.

"ఆయనకి తెలుసా?"

"తెలీదు."

ఆమె టేపు పెట్టి టైలు మధ్య కొలిచి, కడ్డీ ఒక కొసకి మూడు గుర్తులు పెట్టింది. ఒక టైలు వదిలి, ఆ పక్కదాని మధ్యలో రెండో కొసకి మూడు. మొత్తం ఆరు కన్నాలు. ఒక్కొక్కటీ దిగేటప్పుడు మేస్త్రి చెవి రిక్కించి బిట్టు మోత విన్నాడు. ఆరూ గట్టి సిమెంటులోకే దిగాయి. బిగించాక ఆమె కడ్డీ పట్టుకుని రెండు కాళ్ళూ పైకెత్తింది. గోడ కదల్లేదు.

తర్వాత మేస్త్రి కర్ర పట్టుకుని లోపలికి వెళ్ళాడు. కాస్త వంగాల్సి వచ్చింది గానీ కడ్డీ అందింది. నాలుగు నెలల తర్వాత మొదటిసారి తలుపు వేసుకున్నాడు. బయటికొచ్చేసరికి కోడలు చేతిలో సబ్బు పెట్టె ఉంది.

"సగంలో ఆగిన ఆ కన్నం మీద ఇది అంటిస్తాను మామయ్యా. ఆయనకి కనపడదు."



"వద్దమ్మా. కనపడనీ. ఇదేంటని వాడు అడగాలి, నేను చెప్పాలి."