మీటింగు నాటి కిచిడీ

రూల్ ఓదెలు ఒక రూలుకు అర్థం చెబుతుంటే, ఆ రూలు రాసినవాడు కూడా వచ్చి కింద కూర్చుని వినాల్సిందే. పెద్దవంగర నుంచి దంతాలపల్లి దాకా అందరూ ఈ మాట అంటారని ఓదెలే చెప్పేవాడు. రైతుల సహకార బ్యాంకు సెక్రటరీగా రిటైరయ్యాక ఆయనకు మిగిలిన పని ఒక్కటే. డైరెక్టర్ల ఎన్నికలు రాగానే అరుగు మీద కూర్చుని ఎవరు నిలబడొచ్చో, ఎవరు నిలబడకూడదో తేల్చడం. పొద్దున వచ్చినవాడికి నిలబడొచ్చనేవాడు. సాయంత్రం వాడి పోటీదారు కోడిని పట్టుకొస్తే పొద్దుటివాడు పనికిరాడనేవాడు. రెండూ ఒకే రూల్లోంచి తీసేవాడు. తను చెప్పిన అర్థం విని, కాటికి మోసుకుపోతున్న డైరెక్టరొకడు ఓటేయడానికి పాడె మీద లేచి కూర్చున్నాడని కూడా చెప్పేవాడు.

తెలంగాణ కోసం చేసిన సకల జనుల సమ్మె ముగిసిన చలికాలంలో బ్యాంకు ఎన్నికలొచ్చాయి. తండా నుంచి డైరెక్టరుగా ఉన్న జమ్లీ మళ్లీ నామినేషన్ వేసింది. చైర్మన్ మధుకర్‌రావుకు ఆమె అంటే గిట్టదు. ఏ కాగితం ముందు పెట్టినా వేలిముద్ర వేసే ముందు "గిదేంది?" అని అడిగే జబ్బుంది ఆమెకు. ఆయనకు ఆ సీట్లో తన ట్రాక్టర్ నడిపే టీక్యా కావాలి. టీక్యా దేనికైనా తలూపుతాడు.

చైర్మన్ ఓదెలును ఇంటికి పిలిచి మటన్ పెట్టాడు. వరసగా మూడు మీటింగులకు రాని డైరెక్టరు మళ్లీ నిలబడొచ్చా అని అడిగాడు.

"నిలబడుడా?" ఓదెలు మూలుగ బొక్క జుర్రుతూ అన్నాడు. "బ్యాంకు ముంగట నడువ గూడ నడువద్దు."

మర్నాడు జమ్లీ వచ్చింది. చేతిలో కోడి లేదు, ముఖంలో కోపం ఉంది.

"నా పేరు కొట్టేయమని నువ్వే చెప్పినవట గదనే అన్నా!"

"నేను కాదు చెల్లె, రూలు చెప్పింది. మూడు మీటింగులకు ఎందుకు పోలే?"

"ఎట్ల పోవాలె? ఒకనాడు రాస్తారోకో. ఒకనాడు రోడ్డు మీద వంటావార్పు. ఒకనాడు రోడ్డు మీదనే బతుకమ్మ. ఏరి ఏరి గా మూడొద్దులే మీటింగు అయినట్టు రాసుకున్నరు. వంటావార్పు నాడు కిచిడీ వండింది నేనే గదా. నువ్వు మూడుసార్లు పెట్టించుకున్నవ్."

"రెండుసార్లే."

"నీ పక్కన కూసున్నాయన నాలుగుసార్లు. తొక్కు సాలలేదని లొల్లి గూడ పెట్టిండు."

పక్కన కూర్చున్నదెవరో ఓదెలుకు గుర్తొచ్చింది. మామిడి తొక్కు కోసం చెయ్యి చాపింది మధుకర్‌రావే! ఆ మూడు రోజులూ జమ్లీ రోడ్డు మీదుంటుందని లెక్కేసినవాడు, ఊరంతా తననూ అక్కడే చూసిందని మరిచిపోయాడు.

"రేపు నామినేషన్ల పరిశీలనకు రా. నోరు మాత్రం తెరువకు" అన్నాడు ఓదెలు.

"గదైతే నాతోని కాదు."

పరిశీలన రోజున ఎన్నికల అధికారి చైర్మన్ అభ్యంతరాన్ని చదివి ఓదెలు వైపు చూశాడు.

"మూడు తప్పితే పోయినట్టే సార్" అన్నాడు ఓదెలు. చైర్మన్ మీసం దువ్వాడు. జమ్లీ చూసిన చూపుకు పొయ్యి లేకుండానే కిచిడీ ఉడికేది. ఓదెలు మళ్లీ అధికారి వైపు తిరిగాడు.

"కని మీరు ఈ ఊరికి కొత్త. మా చైర్మన్ సాబు ఉద్యమంల పడ్డ కష్టం ముందుగాల మీకు తెలువాలె. సాబూ, వంటావార్పు నాడు మీరు రోడ్డు మీదనే ఉన్నరు గదా?"

కిటికీల దాకా జనం. మధుకర్‌రావు ఛాతీ పొంగింది. "ఉన్ననా? పొద్దుగూకేదాక లేవలే!"

"రాస్తారోకో నాడు? బతుకమ్మ నాడు?"

"కదిలితే ఒట్టు!"

"డైరెక్టర్లు?"

"అందరు నా ఎనకాలనే. ఇంట్ల ఒక్కడుంటే చెప్పు."

"మరి గా మూడొద్దులు బ్యాంకుల మీటింగు చేసిందెవరు సాబూ?"

"మేమే..." అనబోయాడు చైర్మన్. వెనక జనంలోంచి దుర్గయ్య అనే రైతు అరిచాడు: "ఏందన్నా, రోడ్డు మీద లేవా? మమ్మల్ని ఎండల కూసోబెట్టి నువ్వు ఫ్యాను కింద ఉన్నవా?"

"ఉన్న! రోడ్డు మీదనే ఉన్న!" చైర్మన్ చెమట తుడుచుకున్నాడు. జనం వైపు చూశాడు, అధికారి వైపు చూశాడు. చివరికి గొణిగాడు, "మీటింగులే... కాలే."

"కానే కాని మీటింగుకు రాలేదని ఎవరిని కొట్టేస్తం సార్?" అన్నాడు ఓదెలు.

జమ్లీ పేరు ఉంటుందని అధికారి ప్రకటించాడు. అందరికన్నా ముందు టీక్యా తలూపాడు, అలవాటు కొద్దీ.

బయటికొచ్చాక ఓదెలు కండువా దులిపాడు. "చూసినవా చెల్లె, నా తెలివి?"

"నీ తెలివేందే? నా కిచిడీ" అంది జమ్లీ. "గెలిచినంక మొదటి మీటింగుకు కిచిడీ గంజు తెచ్చి నడుమ పెడ్త. ఎవరెవరు వచ్చిన్రో తినేటోళ్లను బట్టి రాసుకోన్రి."